ఇరవై రెండేళ్ల వీపు

మా టైలరింగ్ షాపు పక్కనే సెలూన్. ఆయన వచ్చాడని తెలిస్తే చాలు, మిషన్ ఆపేసి వెళ్లి అక్కడి బెంచీ మీద కూర్చుంటాను. ఆయనంటే నటుడు. ఇరవై రెండేళ్లలో నలభై సినిమాలు, పదహారు సీరియళ్లు చేశాడు. ఒక్కదాంట్లోనూ మీరు ఆయన ముఖం చూసి ఉండరు. హీరో ఎదుటివాడితో మాట్లాడుతుంటే ఆ ఎదుటివాడి వెనక నుంచి కెమెరా పెడతారు కదా, అప్పుడు తెర అంచున కనపడే భుజం, మెడ, తల వెనకభాగం ఆయనవి.

రేపు మాత్రం మొదటిసారి ముఖంతో నటించాలి. సీరియల్లో హీరోయిన్ మేనమామ వేషం, ఒకే ఒక్క మాట. అది బాగా చెబితే మేనమామ ఆ ఇంట్లోనే రెండు వందల ఎపిసోడ్లు ఉంటాడు. చెప్పలేకపోతే రేపు సాయంత్రమే కథలోంచి ఊరికి పంపించేస్తారు. కుర్చీలో కూర్చుంటూనే ఇదంతా చెప్పేశాడు. భయంగా ఉందని మాత్రం చెప్పలేదు. కోతలు మొదలెట్టాడు.

"వెనక జోలికి పోకయ్యా, అది నాకు దేవుడిచ్చింది. ముందు కాస్త సర్దు చాలు. అసలు నా వీపులో అంత విషయం ఉందని మొదట్లో నాకే తెలీదు. డాక్టర్ వేషం. హీరో వచ్చి 'మా అమ్మ బతుకుతుందా డాక్టర్?' అనాలి, నేను ఊరికే కూర్చోవాలి. కూర్చున్నాను. డైరెక్టర్ లేచి నిలబడిపోయాడు. 'ఎవరయ్యా ఆ వీపు? అది చూస్తుంటేనే వాళ్లమ్మ బతకదని తెలిసిపోతోంది!' అన్నాడు."

"వీపుతో అంత చెప్పొచ్చా బాబాయ్?" అన్నాను.

"కుడి భుజం అరంగుళం దించాను, అంతే! అప్పట్నుంచి నాకు కథ కూడా చెప్పడం మానేశారు. 'ఎడమ చెవిలో కొంచెం అనుమానం, కుడి చెవిలో జాలి' అంటే సరిపోయేది. ఆ తర్వాత ఏమైందో తెలుసా? ఓ పెద్ద హీరో డైలాగ్ మర్చిపోయాడు. పద్దెనిమిది టేకులు! యూనిట్ అంతా నీళ్లు నములుతోంది. నేనేం చేశాను? నోరు విప్పకుండా మెడ వెనక నరాలు కదిలించి డైలాగ్ మొత్తం అందించాను. చూసి చదివేసుకున్నాడు."

పేపర్ చదువుతున్న రిటైర్డ్ లెక్కల మాస్టారు కళ్లజోడు దించారు. "ఏమయ్యా, హీరో నీ ముందు కదా కూర్చున్నాడు. నీ మెడ వెనక ఆయనకెలా కనపడింది?"

"అక్కడే ఉంది మాస్టారూ కిటుకు! వెనక అద్దం పెట్టించాను."

"మరి అద్దంలో కెమెరా పడదూ?"

"ఎలా పడుతుంది? నా వీపు అడ్డం లేదూ?"

మాస్టారు మళ్లీ పేపర్‌లోకి వెళ్లిపోయారు.

"ఇక ఆ సినిమా విడుదలయ్యాక చూడాలి! జనం హీరోని చూడ్డం మానేశారు. 'ఆ వీపు ఎవరిది, ముఖం చూపించండి' అని ఒకటే గోల. ఇంటర్వెల్లో రెండు వందల మంది లేచి తెర వెనక్కి వెళ్లారు, అటువైపు నుంచి చూస్తే నా ముఖం కనపడుతుందని. థియేటర్ వాళ్లు చేసేది లేక తెర వెనక కూడా కుర్చీలు వేయించారు. వెనక టిక్కెట్టే ఎక్కువ!"

"కనపడిందా?" అన్నాను.

"కొందరికి," అన్నాడు గంభీరంగా. "అదంతా ఒక ఎత్తు, పోయిన నెల సంగతి ఒక ఎత్తు. తండ్రి వేషం. హీరోయిన్ వచ్చి నన్ను కావలించుకుని, నా తల వెనక చెయ్యేసి, 'క్షమించు నాన్నా' అనాలి. ఆ అమ్మాయికి ఏడుపు రాదు, అందరికీ తెలుసు. నా తల మీద చెయ్యేసింది. ఆ చెయ్యి తీసి కళ్లు తుడుచుకుంది. అంతే! ధారలు! నలభై నిమిషాలు ఆగలేదు. డాక్టర్ని పిలిపించారు. కళ్లు పదకొండుసార్లు కడిగించారు. తనని చూసి కెమెరామన్ ఏడ్చాడు, అతన్ని చూసి లైట్లవాళ్లు ఏడ్చారు, మోకాలి లోతు కన్నీళ్లు! సెట్లో సోఫా తేలుతోందయ్యా! ప్రొడ్యూసర్ ఈదుకుంటూ వచ్చి నా చెయ్యి పట్టుకున్నాడు..."

సెలూనాయన కత్తెర ఆగింది. "పదకొండుసార్లు కడిగించారా అన్నా?" అన్నాడు.

"కావాలంటే యూనిట్‌ని అడుగు."

సెలూనాయన సొరుగు లాగి ఓ చిన్న గుండ్రటి డబ్బా తీసి నటుడి ఒళ్లో పెట్టాడు. లోపల నల్లటి పొడి. "నీకు వెనక జుట్టు ఊడి మూడేళ్లయింది అన్నా. అరచేయంత మేర నున్నగా అయింది. షూటింగ్‌కి వెళ్లే ముందు ఎప్పుడొచ్చినా ఇది అద్ది పంపిస్తున్నాను, ఇవాళ కూడా అద్దాను. పాపం, ఆ అమ్మాయి కళ్లలో పడ్డది ఇదే."

నటుడి చెయ్యి మెల్లగా తల వెనక్కి పోయింది. వేళ్లు చూసుకున్నాడు. నల్లగా ఉన్నాయి. "అందుకేనా నాకెప్పుడూ వెనక అద్దం పట్టవు? బాగుంది కాబట్టి చూపించక్కర్లేదు అనుకుంటున్నావనుకున్నాను."

"చెబితే మెడ వంచేసుకుని కూర్చుంటావు. నిటారుగా కూర్చోవడమే కదా అన్నా నీ పని."

నాకు ఆయన్ని చూస్తే జాలేసింది. ఇంతసేపూ నవ్వు ఆపుకున్నవాణ్ణి, ఇప్పుడు నవ్వాలంటే రాలేదు. కానీ ఆయన ఓడిపోయే రకమా? డబ్బా మూత పెట్టి, గొంతు సవరించుకున్నాడు. "పోతే పోయింది. రేపట్నుంచి వీపుతో నాకేం పని? ముఖం ఉంది!"

మాస్టారు పేపర్ మడిచారు. "అయితే రేపటి మాటేదో చెప్పవయ్యా, విందాం."

"ఇప్పుడా?"

"మేం ముగ్గురమే కదా ఉన్నాం. అక్కడైతే యాభై మంది ఉంటారు."

ఆయన మెడ చుట్టూ ఉన్న గుడ్డ విప్పేసి లేచాడు. రెండడుగులు వేశాడు. కాసేపు కళ్లు మూసుకున్నట్టున్నాడు, ఊపిరి పీల్చుకోవడం మాకు వినపడింది. "ఏడవకమ్మా," అన్నాడు. "ఎవరున్నా లేకపోయినా నేనున్నాను."

అబద్ధమెందుకు, నాకు ఒళ్లు జలదరించింది. అంత మెత్తటి గొంతు ఆయనకుందని మాకెవరికీ తెలీదు. సెలూనాయన కళ్లు తుడుచుకోబోయి, చేతికి ఆ పొడి ఉందని గుర్తొచ్చి ఆగిపోయాడు. చివరికి మాస్టారే లేచి వెళ్లి, గోడవైపు తిరిగి నిలబడ్డ ఆ మనిషి భుజం మీద చెయ్యేశారు.

"చాలా బాగా చెప్పావు నాయనా," అన్నారు. "ఇప్పుడు ఇటు తిరిగి చెప్పు."