జూడీ అల్లిన గాడిద కథలు

కూకో నాయనా, ఆ కుర్చీ లాక్కో. ఏటన్నావు? సుపేలా బజార్లో ఆ ఇంటర్నెట్ కంప్యూటర్ కొట్టు నుంచే వస్తన్నావా? ఇంకా చిన్నప్పుడు టీవీలో చూసిన ఆ గొడుగు గాడిద బొమ్మల కోసమేనా? ఎతకడం మొదలెట్టి రెండేళ్ళయింది కదరా ఎబెనూ! కొత్త రాష్ట్రం వచ్చింది, రాయపూర్ రాజధాని అయిపోనాది, నువ్వింకా గాడిద దగ్గిరే ఉన్నావు. పవర్ హౌస్ బజార్లో కేసెట్ల కొట్టు భయ్యా నిన్ను చూస్తే షట్టర్ దించేస్తన్నాడట, మా ఆయన, మీ బలరాం అంకులు చెప్పి ఒకటే నవ్వు. నవ్వుతాం గాని, నాకు తెలీదేటి? మీ జూడీ అక్కతో కూకుని చూసిన బొమ్మలని ఎతుకుతున్నావు.

అప్పుడు ఈ సెక్టర్ 2లో, మన లైనంతటికీ టీవీ మాదొక్కటే. ఆదివారం తొమ్మిదికి ఆ బొమ్మలొచ్చీవి. వాటికి మాటల్లేవు, పేరు పడితే చదివీలోగానే పోయీది. నువ్వు అందరికంటే ముందు కూకునీవోడివి. పది నిమిషాలయిందో లేదో, మీ అమ్మ జ్ఞానప్రసూనమ్మ గుమ్మంలోకొచ్చీవారు. "ఏం ఎబెన్, సండే స్కూల్ టీచరు కొడుకువి, నువ్వే లేటా?" అని చెయ్యట్టుకు లాక్కుపోయీవారు. జూడీకి గుండె జబ్బు కదా, నాలుగడుగులేస్తే ఆయాసం, అది మా ఇంట్లోనే ఉండిపోయీది. నువ్వు చర్చి నుంచి పరిగెత్తుకొచ్చి, "దీదీ, ఆఖర్న ఏమైంది?" అనీవోడివి. అది పూసగుచ్చినట్టు చెప్పీది. అవునా?

ఇప్పుడు ఇను. ఎవలికీ చెప్పనని దానికి మాటిచ్చాను, పదహారేళ్ళు కడుపులో పెట్టుకున్నాను. నువ్వు గుమ్మం దాటగానే అది నా చేత టీవీ ఆపించీసీదిరా. "తమ్ముడు లేకుండా నేనొక్కదాన్నీ చూడను నూకాలమ్మాంటీ" అనీది. మరి వాడికేటి చెప్తావే అంటే, "వాడి కోసం నేనూ చూళ్ళేదని తెలిస్తే వాడు సండే స్కూల్ మానేస్తానని పేచీ పెడతాడు, అమ్మ కొడతాది" అనీది. ఇద్దరం బియ్యంలో రాళ్ళేరుకుంటా కూకునీవోళ్ళం. "ఈ వారం గాడిదని ఎక్కడికి పంపుదాం ఆంటీ?" అని అడిగీది. ఆ కిరసనాయిలు లైన్లో గాడిద నించోడం ఉన్నాదే, అది నేను చెప్పిందే! ఫారిన్ గాడిద మన కిరసనాయిలు లైన్లో ఎందుకు నించుంటాదిరా, నీకు డౌటన్నా రాలేదా? అదే కంప్యూటర్లో రాసి దేశదేశాలోళ్ళనీ అడుగుతున్నావు. ఎవుడు చూశాడని చెప్తాడు?

ఏడవకు బాబూ. చెప్పకూడదనే అనుకున్నాను. నువ్విలా తిరుగుతుంటే చూళ్ళేకపోనాను. అలాగని నీ అక్క అబద్ధాలకోరు అనుకోకు, నీ మీద ప్రేమరా అది, ఒట్టి ప్రేమ.

ఇంకొకటి ఉండిపోనాది నా దగ్గిర. ఆఖరి ఆదివారం నువ్వు చర్చి నుంచి వచ్చీసరికే దాన్ని ఆస్పత్రికి తీసుకెళ్ళిపోనాం, మరి తిరిగి రానేలేదు. ఆ వారం కథ నీకు చెప్పనేలేదు, నాకే చెప్పింది. ఏటంటే, గాడిద ఊళ్ళన్నీ తిరిగి ఇంటికొచ్చీసరికి, తమ్ముడు గాడిద గుమ్మంలో కూకునుందట. "ఎంతసేపయిందిరా వచ్చి?" అందట అక్క గాడిద. "ఇప్పుడే" అన్నాదట తమ్ముడు గాడిద. అబద్ధమట. పొద్దుట్నుంచీ కూకునే ఉందట.

... పప్పు పొంగుతున్నట్టుంది, ఉండు.