చిలగడదుంపల చప్పుడు

జ్వరం నుంచి ఈమధ్యే లేచిన కూతురి ముందు తండ్రి ఓవెన్‌లోంచి తీసిన ట్రే పెట్టాడు.

“తిని చెప్పు అమ్మడూ. చిలగడదుంప ముక్కల్ని నానబెట్టి, తువ్వాలుతో తుడిచి, నూనె పట్టించి, ఒకదానికొకటి తగలకుండా పేర్చాను. ఒక్కటి మెత్తగా ఉన్నా చెవి కోసుకుంటా.”

“అబ్బ, అదిరాయి నాన్నా! కారం భలే పట్టింది.”

“కారమా? వేడి మీద చల్లుదామని డబ్బా ఇంకా చేతిలోనే పట్టుకున్నానే!”

కూతురు తల దించుకుంది.

“ఇటు చూడు. నాలుకకి ఏమీ తెలియట్లేదు కదూ?”

“జ్వరం తగ్గినప్పట్నుంచీ ఇంతే. అన్నం తిన్నా, అట్టముక్క తిన్నా ఒకటే.”

“మరి రోజూ లొట్టలేసుకుంటూ తిన్నావేమే?”

“నువ్వు సెలవు పెట్టి మరీ వండుతున్నావు. ఎలా చెప్పను?”

“పిచ్చిమొద్దూ! అలాంటప్పుడు వీటినే మళ్ళీ మళ్ళీ ఎందుకు చేయించుకున్నావు?”

“కొరికితే కరకరమని వినిపిస్తాయి నాన్నా. తింటున్నట్టు తెలిసేది అప్పుడే.”

తండ్రి కారం డబ్బాకి మూత పెట్టి పక్కన పెట్టేశాడు.

“రేపు డాక్టరుగారి దగ్గరికి వెళ్దాం. ముందు ఆ ట్రే ఇలా తే.”

“ఎందుకూ?”

“ఇంకాసేపు ఓవెన్‌లో పెడతాను. నువ్వు కొరికితే పక్కింటివాళ్ళకి కూడా వినిపించాలి.”