మబ్బుకొండ పెళ్ళికి పెద్దన్న ఎల్లినాడు

పేర్రాజు పంతులని ఒకాయనంట. పెద్దకటకం మహారాజు కొలువులో రాయబారి. రాయబారంటే ఏటనుకున్నారు, మన రాజు మాటని పక్కరాజుకి నొప్పి తెలీకండా సెప్పొచ్చేవోడు. ఇక్కడ తిట్టు మూటగట్టి ఇత్తే అక్కడికెల్లి దీవెననాగ ఇప్పాల. ఆ పనిలో పంతుల్ని మించినోడు నేడంట. మడిసి మంచోడే, కాకపోతే కూసింత తిండి యావ. పప్పులో ఇంగువెక్కువైతే ఆ పూటంతా మొకం ముడుసుకునే ఉండీవోడు. వంకాయకూర కుదిరిందనుకో, వండినోళ్ళ ఊరూ పేరూ అడిగి మరీ మెచ్చుకునీవోడు.

మరి పెద్దకటకం అంటే సముద్రపొడ్డున పేద్ద రాజ్జెం. ఏనుగులున్నాయి, ఓడలున్నాయి, సూపు ఆననంత మేర ఉప్పుమళ్ళున్నాయి. దాని సుట్టూరా సిన్న సిన్న దొరతనాలు. కొండమీద మబ్బుకొండ, ఏటొడ్డున రెల్లేరు, సముద్రంలో ఒక లంక. ఆ మహారాజు పేరు విజయకేసరి. ఆయన సెడ్డోడు కాడు, అదీ అసలు సిక్కు. సెడ్డోడైతే అందరూ జాగర్తగా ఉందురు. ఈయనకి పేమ ఎక్కువ. "వాళ్ళంతా నా తమ్ముళ్ళూ చెల్లెళ్ళూ, నేను పెద్దన్నని" అనీవోడంట పొద్దున్న లెగిస్తే. ఒకపాలి లంకదొరకి జలుబు సేసిందంట. మహారాజు అయ్యో తమ్ముడా అని వైద్యుణ్ణి పంపినాడు, వైద్యుడికి తోడుగా సిపాయిల్నీ పంపినాడు. జలుబు తగ్గింది, వైద్యుడు తిరిగొచ్చీసినాడు, సిపాయిలు మాత్రం అక్కడే ఉండిపోనారు. ఏటైనా అంటే, మళ్ళీ జలుబు సేత్తే ఎవులు సూత్తారు అన్నాడంట.

ఇలగుండగా ఏటైందంటే, మబ్బుకొండకి అవతలేపు ఒక లోయుంది. ఆ లోయ దాటితే ఉత్తరపు రాజు. ఆయనా పెద్దోడే, ఆయనకీ ఏనుగులున్నాయి. లోయమీద వంతెన ఏయించు బావూ అని మబ్బుకొండోళ్ళు పెద్దకటకం మహారాజుని అడుగుతానే ఉన్నారు. ఆయన ఏత్తానంటానే ఉన్నాడు. అడగ్గా అడగ్గా, మబ్బుకొండ దొరసాని నీలయమ్మకి ఇసుగొచ్చి, ఉత్తరపు రాజు తాపీవోళ్ళని పంపుతానంటే సరే అనీసింది. ఆళ్ళొచ్చి ఒక్క ఏసంగిలో కట్టీసి ఎలిపోనారు. ఊరికే కట్టినారని నాను అనను, పెద్దోళ్ళు ఊరికే ఏదీ కట్టరు, కానీ వంతెనైతే నిలబడింది.

ఈ కబురు మహారాజుకి తెలిసింది. కోపం రానేదంట, ఏడుపొచ్చిందంట. "నన్నడక్కుండానా? నేను కట్టనన్నానా? కడతానంటూనే ఉన్నాను కదా ఇన్నేళ్ళూ!" అన్నాడు. మంత్రి లేసి దండెత్తుదామా పెబో అన్నాడు. "ఛీ, చెల్లెలి మీద దండయాత్రా? లోకం ఏమనుకుంటుంది! ఘాటీదారి పాడైపోయిందని చెప్పండి. మరమ్మతు అయ్యేదాకా బళ్ళు కొండెక్కకూడదు." ఏ బళ్ళు పెబో అంటే, ఉప్పుబళ్ళు అన్నాడంట. మరి కిందకి మనకొచ్చే తేనె, పసుపు బళ్ళో అంటే, వాటికి దారి బాగానే ఉందిలే అన్నాడు. కొండమీద ఉప్పు పుట్టదు గదా, లోయవతల ఉత్తరాదోళ్ళకీ సముద్రం నేదు, ఏటి తింటారో సూద్దామని.

ఈ మాట పట్టుకుని పంతులు కొండెక్కినాడు. నీలయమ్మ దొరసాని అరుగుమీద కూకుని ఆడోళ్ళతో పాటు పసుపుకొమ్ములు ఏరతన్నాది. మొగుడు పోయినాక ఆయమ్మే రాజ్జెం సూసుకుంటన్నాది, ఒక్కత్తే కూతురు. పంతులు దండం పెట్టి, మా మహారాజు తమకి పెద్దన్నలాంటివారు, దారి పాడైనందుకు ఆయన మనసు తల్లడిల్లిపోతోంది తల్లీ అని మొదలెట్టినాడు. ఆయమ్మ అంతా ఇన్నాది. "పంతులుగోరూ, దారెక్కడ పాడైందండి?" అని అడిగినాది. "ఒక మలుపు దగ్గరమ్మా." "ఏ మలుపండి?" పంతులు ఉత్తరీయం సద్దుకున్నాడు. "అది మహారాజుగారు ఇంకా నిర్ణయించలేదమ్మా" అన్నాడు. పసుపు ఏరే ఆడోళ్ళు నోటికి కొంగులడ్డం పెట్టుకున్నారు. దొరసాని మాత్రం నవ్వనేదు.

శివరాత్రికి ఆగినాయి బళ్ళు. మొదట్లో ఎవులూ పట్టించుకోనేదు, ఇళ్ళల్లో ఉన్నది వాడుకున్నారు. ఉగాది నాటికి కుండలు గీకినారు. తరవాత సప్పిడి. సప్పిడి గంజి, సప్పిడి పప్పు. ఒకపూటంటే తినీగలం, ఏపూటకాపూట తింటే నాలిక సచ్చిపోతాదమ్మా. ముసిలోళ్ళు తిండి మానీసినారు. ఎండన పడి పనిసేసినోళ్ళు తూలి పడిపోతన్నారు. ఇంతలో మావిడికాయలు దిగినాయి. ఆ ఏడు ఇరగ కాసినాయంట. కొండోళ్ళకి ఏడాదంతా కూడులోకి ఊరగాయే గదా, మరి ఉప్పునేకండా ఊరగాయేటి? కాయలు కుప్పలుగా పోసి అలగ సూత్తా కూకున్నారు. అయి పండీసి, కుళ్ళీసి, ఈగలు ముసిరినాయి.

మరి కొండమీదే బసగా ఉండిపోయిన పంతులేటి తింటన్నాడు? ఆయనకి మాత్రం పెద్దకటకం నుంచి సరుకుల గంప వత్తానే ఉన్నాది, అందులో ఉప్పు పొట్లం. రాయబారి గంపకి దారి బాగానే ఉంది గదా! వంటమనిషి గవరమ్మ, ఆ ఊరిదే, ఆయనకి పద్దతిగా ఉప్పేసి వండి పెట్టీది. కానీ ఉప్పు సూడమంటే రుసి సూసేది కాదంట. "మీరే సూసుకోండి బావూ, మా నాలిక మరిసిపోనాది" అనీసేది. పంతులికి ఆ మాట ముల్లునాగ గుచ్చుకునీది, అయినా తినీసీవోడు. ఆకలి గదా, పైగా పప్పు బాగుండీది.

ఒకనాడు ఏటైందంటే, నడుసుకొచ్చి సెమటకి తడిసిన ఉత్తరీయం దండెం మీద ఆరేసినాడు. సూత్తే గవరమ్మ దూడ ఒచ్చి దాన్ని నాకతన్నాది. హెయ్ అన్నాడు, పోనేదు. కర్ర తీసినాడు, పోనేదు. కళ్ళు మూసుకుని, అమ్మ పొదుగు దొరికినట్టు నాకతన్నాది. గవరమ్మ పరిగెట్టుకొచ్చి, "తప్పైపోనాది బావూ, సెమటలో ఉప్పుంటాది గదా, అందుకు" అన్నాది. పంతులు కర్ర కింద పడీసినాడు. లోపలికెల్లి పొట్లం తెచ్చి, "ఇది తీసుకో గవరమ్మా, నీకూ దూడకీ" అన్నాడు. ఆయమ్మ సేతులెనక్కి పెట్టుకునీసింది. "వద్దు బావూ. మా దొరసానమ్మే సప్పిడి తింతన్నాది. నాను తింటే ఏటి బాగుంటాది?" అన్నాది. ఆ పొట్లం అరుగుమీద అలగే ఉండిపోనాది. ఆ రోజునుంచి పంతులూ ఉప్పు ముట్టనేదు. ఎవులికీ సెప్పనేదు, ఊరికే మానీసినాడు. తిండిమీద అంత యావున్న మడిసి, ముద్ద నోట్లో పెట్టుకుని కళ్ళమ్మట నీళ్ళెట్టుకునీవోడంట.

అప్పుడెల్లి దొరసాని కాడ నిలబడినాడు. ఈపాలి దీవెనలూ గీవెనలూ ఏటీ నేవు. "అమ్మా, నా చేత ఏమవుతుందో చెప్పండి" అన్నాడు. ఆయమ్మ ఎగా దిగా సూసినాది, సిక్కిపోయినట్టున్నాడని కనిపెట్టినాది. "మా అమ్మిని రెల్లేరు దొర కొడుక్కి ఇత్తన్నాను, వైశాకంలో పెళ్ళి. మీ మహారాజు నాకు పెద్దన్నన్నారు గదా, మరి నా కూతురికి మేనమావే అవుతారు గదండి. పెళ్ళికూతుర్ని గంపలో కూకోబెట్టి పందిట్లోకి ఎత్తుకురావాలి గదా మేనమావ. రమ్మనండి. రారనుకోండి, అన్ననేని ఆడదాన్నై మిగిలిపోను గదా, లోయ దాటెల్లి ఉత్తరపు రాజునే అన్నా అని పిలుసుకుంటాను" అన్నాది.  పంతులికి నవ్వూ వచ్చింది, బయమూ ఏసింది. పెద్దకటకంలో పెళ్ళాం పిల్లలున్నారు, మహారాజిచ్చిన ఇల్లుంది. ఈ మాట తేడా వత్తే ఇల్లూ పోతాది, తలా పోతాది.

అయినా ఎల్లి సెప్పినాడు, ఒక్క మాటా తగ్గించకండా. ఉత్తరపు రాజు పేరిన్నాడో నేదో మహారాజు గద్దిమీంచి లెగిసిపోనాడు. "నా మేనకోడల్ని వాడు ఎత్తుకొస్తాడా! పల్లకీ కట్టండి! పట్టుచీరలు తీయండి! వాడికంటే ముందు నేనుండాలి అక్కడ!" ఉత్తరపు రాజుని ఎవులూ పిలవనేనేదు, అయినా మహారాజు కొండెక్కినంతసేపూ అదుగో వత్తన్నాడేమో అని తెరతీసి సూత్తానే ఉన్నాడంట.

పెళ్ళి జోరుగా అయింది. మహారాజు తలపాగా తీసి పక్కనెట్టి, పెళ్ళికూతుర్ని గంపలో ఎత్తుకొచ్చినాడు. ఆ పిల్ల బొద్దుగా ఉండీది, ఈయన ఆయాసపడతా, నవ్వుతా, సెమటలు కారతా పందిట్లో దింపినాడు. కళ్ళల్లో నిజంగానే నీళ్ళు తిరిగినాయంట. సెప్పినాను గదా, పేమ ఎక్కువని. అప్పుడు బోజనాలకి కూకున్నారు. మహారాజు, పక్కన రెల్లేరు దొర, ఆపక్కన లంకదొర, ఇటుపక్క పంతులు, బంతులు బంతులుగా ఊరంతా. ముందు బూరెలొడ్డించినారు. బెల్లం గదా, బాగున్నాయి. మహారాజు రెండు తినీసి సెబాసన్నాడు. తరవాత పప్పూ అన్నం కలిపి ముద్ద పెట్టుకున్నాడు.

ఆగిపోనాడు. మింగనేదు, ఉమ్మనేదు. పనసపొట్టు కూర సూసినాడు, అదీ అంతే. గుమ్మడి పులుసు, అదీ అంతే. సుట్టూ సూసినాడు. అందరూ తలొంచుకుని తింతన్నారు. పిల్లలు తింతన్నారు, ముసిలోళ్ళు తింతన్నారు, ఒక్కలూ ఇదేటని అడగరు. మహారాజు పంతులు సెవికాడికి ఒంగి, "పంతులూ, వంటవాడు ఉప్పు మరిచాడా?" అన్నాడు. పంతులు ముద్ద ఆకులో ఎట్టీసినాడు. పుట్టినకాడ్నించీ మాటకి తేనె పూసే మడిసి, ఆ పూట పూయనేదు. "మరవలేదు మహారాజా. శివరాత్రి నుంచీ వీళ్ళకి ఉప్పు లేదు. మనమే ఆపేశాం" అన్నాడు. "అదేమిటి, దారి మరమ్మతు కదా?" అన్నాడు మహారాజు. సూసినారా, సెప్పగా సెప్పగా ఆయనే నమ్మీసినాడు! పంతులన్నాడు గదా, "తమరు ఇప్పుడు పల్లకీలో వచ్చింది ఆ దారినే మహారాజా. ఎక్కడైనా కుదుపు తగిలిందా?"

అంతలో దొరసాని గరిటె పట్టుకుని ఎదురుగా వచ్చి నిలబడినాది. "అన్నా, పప్పు మారొడ్డించనా?" అన్నాది. ఎగతాళి నేదు, ఏడుపు నేదు, సెల్లెలు అన్ననడిగినట్టే అడిగినాది. మహారాజు ఆ గరిటెకేసి సూసినాడు, ఆయమ్మ సేతికేసి సూసినాడు. సిక్కి గాజులు మోసేతికి జారిపోతన్నాయి. "వడ్డించమ్మా" అన్నాడు. వడ్డించింది. అదంతా కలుపుకుని తిన్నాడు. పులుసు తిన్నాడు, కూర తిన్నాడు, సప్పిడి మజ్జిగన్నం జుర్రుకున్నాడు. ఆకులో మెతుకు మిగలనేదు. అప్పుడు సెయ్యి కడుక్కుని, మీసం తుడుసుకుని, గొంతు సవరించుకుని, అందరికీ ఇనపడేటట్టు అన్నాడంట: "మా చెల్లెలి ఇంట పెళ్ళని, ఘాటీదారి మరమ్మతు రేయింబవళ్ళు చేయించాం. ఇవాళతో పూర్తయింది!" ఊరంతా ఒక్కపాలిగా ఈలలూ సప్పట్లూ. ఏదీ పాడవనేదని అందరికీ తెలుసు, ఏదీ బాగు సెయ్యనేదనీ తెలుసు. అయినా సప్పట్లు కొట్టినారు. కొట్టరా మరి, ఉప్పొత్తన్నాది గదా!

 తిరిగొచ్చీటప్పుడు కొండ దిగినాక మహారాజు పల్లకీ ఆపించి, "పంతులూ, ఇవాళ ఆకు ముందు చెప్పినమాట శివరాత్రప్పుడే ఎందుకు చెప్పలేదు?" అన్నాడు. పంతులు, "అప్పుడు నా పప్పులో ఉప్పుంది మహారాజా" అన్నాడంట. మహారాజు తెర దించీసినాడు. తలా తియ్యనేదు, ఇల్లూ తియ్యనేదు, రాయబారం మాత్రం తీసీసి మంత్రి మేనల్లుడికి ఇచ్చీసినాడు. పంతులు ఇంటికాడ కూకుని కూరలు ఏరుకుంటా, ఇంగువెక్కువైందని పెళ్ళాం మీద ఇసుక్కుంటా బతికినాడు. మబ్బుకొండనుంచి ఎవులొచ్చినా ఆయన అరుగుమీద కూకుని కబుర్లాడకండా ఎల్లీవోరు కారంట.

మరి వంతెన సంగతేటంటారా? ఉత్తరపు రాజు కట్టింది అలగే ఉన్నాది. దాని పక్కనే మహారాజు ఇంకోటి కట్టించినాడు, ఇంకా ఎడల్పుగా. ఉత్తరపు రాజు ఊరుకుంటాడా, తన వంతెనకి మెట్లు కట్టించినాడు. మబ్బుకొండోళ్ళకి ఇప్పుడు దేనిమీంచి ఎల్లాలో తెలీక ఒకనాడు ఇటునుంచి, ఒకనాడు అటునుంచి ఎల్తన్నారు, ఇద్దరి మనసూ నొప్పించకూడదని.

మహారాజు మారినాడా అని అడుగుతావేటి నువ్వు? లంకలో ఆ సిపాయిలు ఇంకా ఉన్నారమ్మా, మారినాడని నానెలగ సెప్పీగలను? కానీ ఆ పూట ఆకుముందునుంచి లెగిసిపోకండా కూకుని, ఆఖరి మెతుకుదాకా తిన్నాడు గదా. ఆ పూటకి మంచోడే. పక్కనున్న పెద్దోళ్ళతో అంతేనర్రా, ఏ పూటకి ఎలగున్నారో సూసుకుంటా బతకడమే. ఇంక లెగండి, పొద్దుగూకింది, మీ అమ్మలు నన్ను తిడతారు.