ఎడమవైపు మార్నీ

హలో… రాస్కో, నేనేరా, ఆర్విడ్‌ని. మిక్సింగ్ చేసి పుణ్యం కట్టుకున్నావు గానీ, మా అమ్మాయిని ఎందులో కలిపేశావురా?

…నవ్వకు. ఆల్బమ్ మొత్తం విన్నాను. పదకొండు పాటలూ… ఆ, లాస్‌లెస్‌లోనే. ఒక్క రవ్వ కూడా పోదని ఊదరగొట్టింది నువ్వే కదా. రవ్వ పోలేదు. రత్నమే పోయింది.

…ఎడమవైపా? ఎడమవైపు ఏముందిరా, గోనెసంచి కప్పిన డ్రమ్ము తప్ప… చెవిలో పువ్వులు పెట్టకు. మార్నీదీ ఇదే పాట. ‘నాన్నా, ఎడమవైపు వంతపాట అంతా నేనే’ అని. పిచ్చిదానా, నీ గొంతు కోసేశారే, నీకు చెప్పలేదంతే అన్నాను… ఏడ్చింది. నెల దాటింది, ఫోన్ లేదు.

…హెడ్‌ఫోన్ తీగలా? మూడు మార్చాను. తీగ లాగితే డొంకంతా కదలాలి. నాకు ఇల్లంతా కదిలింది. ఆంప్లిఫయర్ మార్చాను, హెడ్‌ఫోన్ మార్చాను… ఆ, కొత్తదే. బాగానే ఉందిగా అన్నాడు అమ్మినవాడు. చెవిటి వెధవ.

…తిప్పి పెట్టుకోవాలా? ఎందుకూ?… సరే, సరే. ఆగు, నిన్ను స్పీకర్లో పెడుతున్నా. ఎడమది కుడికి, కుడిది ఎడమకి. ఏ పాట?… నాలుగోది. ఇదిగో.

…

…ఉందిరా.

మార్నీ. ఉంది. అబ్బ… పల్లవికి ముందు ఊపిరి తీసుకోవడం కూడా… ‘స’ దగ్గర నాలుక తట్టుకోవడం చిన్నప్పటిదే, ఇంకా పోలేదు… ఆగరా, అయిపోనీ. నెలన్నరగా నేనడిగింది ఇదేగా…

ఆ, అయింది. ఏమిటీ?… గట్టిగా అను.

…ఇప్పుడు ఎడమవైపా? ఎడమవైపు… గోనెసంచే.

…

హెడ్‌ఫోన్ తిప్పాను కదా. మరి సంచి తిరగలేదేం?

…ఊఁ.

…అర్థమైందిలే. మళ్లీ చెప్పకు.

…ఎప్పట్నుంచా? ఈస్టర్ మర్నాటి నుంచి. పొద్దున లేచేసరికి గుయ్యిమని రొద. ఆంప్‌ది అనుకున్నా. ఆపినా ఉంది. అయితే ఫ్రిజ్‌ది అనుకున్నా. అదీ ఆపాను. చలికాలమంతా సరస్సు మీద మంచుకి బెజ్జం పెట్టుకుని పట్టిన చేపలు, అన్నీ కుళ్లిపోయాయి. రొద మాత్రం తాజాగా ఉంది.

…స్పీకర్ తీసేశా, చెప్పు. నదీన్ పక్కనే ఉందా? మీ ఆవిడ పాతికేళ్లుగా చెవి డాక్టరు దగ్గరే పనిచేస్తోందిగా, అడుగు… అడగరా, నేను ఆగుతాను.

…

…మాత్రలు రెండు వారాల్లోపు మొదలెట్టాలా?

…ఆ తర్వాత ఆ మాత్రలు… పెద్దగా పనిచేయవు. ఊఁ. అయినా రమ్మంటోందా. వస్తాను, రేపు పొద్దున్నే వస్తానను.

మొదటి వారం ఏం చేశానో తెలుసా. తీగ తెప్పించాను. రెండో వారం, ఇంకా మంచి తీగ.

…తెలుసులే. ఎవరికి చెప్పినా నవ్వుతారు. నేనే నవ్వేవాణ్ణి.

…ఫోనా? కుడి చెవికే పెట్టుకున్నాను. ఏ మధ్య అలవాటైందో గమనించలేదు… ఎడమకి మార్చాలా? అదెందుకులే ఇప్పుడు… సరే. మార్చాను. మాట్లాడు.

…

మాట్లాడరా. ఏదో ఒకటి తిట్టు.

…

తిడుతున్నావా?

…

సరే, తిట్టావనే అనుకుంటాను. మార్నీకి మాత్రం నువ్వు చెప్పకు, నేనే ఫోన్ చేస్తాను. పెట్టేస్తున్నా.