అపార్ట్‌మెంట్‌ని తిప్పిన పిల్ల

కుట్టుమిషన్ల రిపేరు షాపులోకి టీ వచ్చేసరికి, బల్లమీద కొత్తరకం ఎంబ్రాయిడరీ మిషన్ మూతైనా తీయించుకోకుండా కూర్చుని ఉంది. "దీన్ని మీ బావ చూస్తాడులే, కోర్సు చేసొచ్చాడు" అన్నాడు బాబాయ్. అంతే, సుడిగాలికి ఒళ్ళు మండింది. షాపులో అందరూ ఆమెని పిలిచే పేరది. బెల్టులు మార్చీ మార్చీ ఎప్పుడో విసిగిపోయింది.

"కోర్సా? మరి నాకీ రంగుల క్యూబ్ ఎవరు నేర్పారు?" సంచీలోంచి తీసి గుప్పిట పట్టింది. "వీడియో చూళ్ళేదు, ఒకర్ని అడగలేదు. బస్సులో కూర్చుని తిప్పా. మొదట తెల్లవైపు ఒక్కటే కుదిరింది..."

"అంతేనా?" టీ ఊదుకుంటూ అన్నాడు బావ.

"అంతేనా అంటాడేంటి బాబాయ్! తర్వాత ఆరు వైపులూ. తర్వాత కళ్ళు మూసుకుని. తర్వాత ఒక చేత్తో తలకి నూనె రాసుకుంటూ, రెండో చేత్తో. ఆ తర్వాత ఏమైందనుకున్నారు? నేను గదిలో అడుగుపెడితే చాలు, భయంతో అదే కటకటా సర్దుకునేది!"

"మీ అక్క వస్తుంటే నేనూ అంతే."

"నవ్వు, నవ్వు. మా ఎదురు అపార్ట్‌మెంట్ సంగతి వింటే నీ నోరు పడిపోతుంది. రంగులేసేవాడు తాగొచ్చి ఫ్లాటుకో రంగు పూసిపోయాడు. ఓనరు లబోదిబోమంటున్నాడు. నేనెళ్ళి, ఓ మూల పట్టుకుని, ఇలా ఒక్క తిప్పు! మూడో అంతస్తు వంటిల్లు ఐదో అంతస్తుకి పోయిందా, పొయ్యిమీద పాలు ఒలికితే ఒట్టు! ఒకాయన స్నానం చేస్తున్నాడని ఆ వరస మాత్రం మెల్లగా తిప్పా, పెద్దమనిషి కదా పాపం. సాయంత్రానికి ఏ వైపు రంగు ఆ వైపే!"

"ఏదీ, ఆ బొటనవేలు తియ్యి" అన్నాడు బావ.

"ఎందుకూ?"

ఆమె చేతిలోంచి క్యూబ్ లాగేసుకున్నాడు. తక్కిన ముక్కలన్నీ కుదిరాయి గానీ, వేలికింద దాక్కున్న మూలముక్క ఒక్కటీ ఉన్నచోటే మెలి తిరిగి, రంగులు తప్పు వైపులకి చూస్తోంది.

"ఇది తిప్పితే వచ్చే తప్పు కాదు మావయ్యా. మీ పిల్ల స్క్రూడ్రైవర్‌తో ముక్కలన్నీ ఊడబీకి, రంగులు చూసుకుని బిగించింది. ఈ ఒక్కటీ అడ్డంగా పెట్టింది. అపార్ట్‌మెంట్‌నీ ఇలాగే ఇటుక ఇటుకా ఊడదీశావా మరదలా?"

బాబాయ్‌కి నవ్వుతో టీ పొలమారింది. సుడిగాలి చెవులు ఎర్రబడ్డాయి. తల మాత్రం దించలేదు.

"విప్పా! అయితే ఏంటి? లోపలేముందో చూడకుండా పైపైన తిప్పడం నా వల్ల కాదు. నడిమి ముక్కలు చోటు మారవు, తక్కినవే వాటి చుట్టూ తిరుగుతాయి. ఆ సంగతి నాకెవరు చెప్పారు, నీ కోర్సా?"

బాబాయ్ క్యూబ్ వైపు చూశాడు, మిషన్ వైపు చూశాడు. స్క్రూడ్రైవర్ తీసి ఆమె చేతిలో పెట్టాడు.

"మూత తియ్యి. బిగించేటప్పుడు మాత్రం మీ బావ పక్కనే ఉంటాడు."

"ఉండనీ" అంది సుడిగాలి, అప్పటికే మొదటి స్క్రూ తిప్పుతూ. "చేతిలో టీ గ్లాసు మాత్రం కింద పెట్టకూడదు."