కాజాల తగువు

కూతురికి నిద్ర పట్టడం లేదని టైలరూ, అతని కొట్లోనే కాజాలు కుట్టే భార్యా ఆమెను కౌన్సెలింగుకి తీసుకొచ్చారు. డాక్టరమ్మ మాత్రం కూతుర్ని బయట బెంచీ మీద కూర్చోబెట్టి, వాళ్ళిద్దర్నీ గదిలో వదిలి వెళ్ళింది.

"జబ్బు పిల్లకైతే మనల్ని లోపల పెట్టిందేంటో ఎవరైనా కనుక్కోండి," అన్నాడు టైలరు గోడకేసి చూస్తూ.

"ఎవరున్నారిక్కడ, కుర్చీలు తప్ప?"

"కుర్చీకే చెప్తున్నా. ఆరేళ్ళుగా మన మాటలు అటూ ఇటూ మోసి పిల్ల నలిగిపోయిందట."

"కొట్టు నిండా జనం ఉండగా నా కాజాలు వంకరన్నదెవరో ఆ కుర్చీనే అడగమనండి."

"వంకరే మరి. గుండీ దూరలేదు."

"పెద్ద గుండీలు తెచ్చింది మీరు!"

"ఆ ముక్క అప్పుడే చెప్పొచ్చుగా?"

"పిల్లతో చెప్పి పంపాగా!"

"నాతో అనలేదే. 'అమ్మ కోపం తగ్గింది నాన్నా' అంది."

"నాతో 'నాన్న తప్పు ఒప్పుకున్నారమ్మా' అంది."

"నేనెప్పుడు ఒప్పుకున్నానే? అయినా అలా విన్నాక కూడా మాట్లాడలేదేం?"

"మీరే వచ్చి చెప్తారేమోనని చూశా."

"ఆరేళ్ళా?"

"మీరు ఆరేళ్ళూ రాలేదుగా."

"...సరే. గుండీలే పెద్దవి."

"కాజా?"

"తిన్నగానే కుట్టావులే."

అతను లేచి తలుపు ఓరగా తీశాడు.

"ఏమే, పిల్ల బెంచీ మీదే నిద్రపోతోంది."

"లేపకండి. తలుపేసి రండి, మిగతాది కూడా మనమే పోట్లాడుకుందాం."