రండి అనకూడని రేవు

కాలినచింత రేవంటే మన జువ్విలంకలో తెలియనివాళ్ళు లేరు, తెలిసీ అటు వెళ్ళేవాళ్ళూ లేరు. ఒరేయ్, ముందుకి జరగండి, నా గొంతు అంతదూరం రాదు. అమ్మాయ్, ఆ లాంతరు ఒత్తి కాస్త తగ్గించు, కళ్ళల్లో కొడుతోంది. ఆఁ, ఏం చెప్తున్నాను, చింతచెట్టు గదా. లంక దిగువ కొసన, ఏటి ఒడ్డునే ఉంటుంది చూడండి. ఊరివైపు కొమ్మలు పచ్చగా చిగురేసి కాయలు కాస్తాయి, ఏటివైపు కొమ్మలు మాత్రం బొగ్గుల్లా నల్లబడి ఉంటాయి, ఎన్ని వానలు కురిసినా అటు ఒక్క ఆకు వెయ్యదు. ఆ చెట్టు కాయ మన ఊళ్ళో ఎవరి పులుసులోనూ పడదు. ఎందుకని అడిగితే మీ అమ్మలు నోరు మూసుకోమంటారు. వాళ్ళకీ భయమే మరి.

దొరల కాలం నాటి మాట. ధవళేశ్వరం దగ్గర ఆనకట్ట లేచాక గోదావరి మీద పొగపడవలు తిరగడం మొదలుపెట్టాయి. తెరచాప లేదు, గెడ వేసేవాడు లేడు, కడుపులో నిప్పు పెట్టుకుని తనంతట తనే పోతుంది. ఎలా పోతుందంటారా? మీ అమ్మ ఎసరు పెట్టినప్పుడు మూత టపటపా ఎగురుతుంది గదా, ఆ ఎగిరే బలమే అది. ఇంటంత ఇనప బానలో నీళ్ళు కాగుతాయి, ఆ ఆవిరి పోయి పడవ పక్కలనున్న చక్రాల్ని తిప్పుతుంది. అటువంటి పడవ ఒకటి ఆ ఏడు శివరాత్రి తీర్థానికి జనాన్ని ఎక్కించుకోడానికి మన రేవుకి వచ్చింది. ఇంకేముంది, లంక లంకంతా ఎగబడి ఎక్కేసింది, ఒడ్డున మిగిలింది ముసలివాళ్ళూ బాలింతలూను.

ఇక్కడొక సంగతి గమనించాలి. మనం ఇల్లు కదిలేటప్పుడు ఏమంటాం? పోతున్నాం అంటామా? అనం. వస్తాం అంటాం. పొయ్యేవాడు వస్తానంటాడు, ఉండేవాళ్ళు మంచిది, వెళ్ళి రండి అంటారు, ఆ మాట చెవిన పడ్డాకే వాడి అడుగు ముందుకి పడుతుంది. ఆ రోజూ పడవలోవాళ్ళంతా చేతులూపుతూ వస్తాం, వస్తాం అని అరిచారు. ఒడ్డువాళ్ళు వెళ్ళి రండి అనబోయారు, సరిగ్గా అప్పుడే పడవ కూత వేసింది. అటువంటి కూత మన ఏటి మీద ఎవరూ విని ఉండలేదు, పశువులు పలుపులు తెంచుకున్నాయట. ఆ కూతలో ఒడ్డువాళ్ళ మాట కొట్టుకుపోయింది. పడవలోవాళ్ళు వస్తాం అన్నారు, వాళ్ళకి జవాబు అందలేదు.

ఆ మీద పడవ ఎంతో దూరం పోలేదు. రేవు కనపడుతూండగానే ఇసకమేట తగులుకుని కూలబడింది. నడిపే దొరకి పంతం వచ్చింది, ఇంకా కట్టెలు తొయ్యమన్నాడు, ఆవిరి బయటికి పొయ్యే మూత మీద బరువు పెట్టించాడు. ఎసరు మూత మీద రోలు పెడితే ఏమవుతుంది? బాన పేలింది. ఒడ్డునున్న చింతచెట్టు ఒక పక్కంతా మసైపోయిందంటే పడవలో మనుషుల సంగతి నేను చెప్పక్కర్లేదు. కాలినవాళ్ళు నీళ్ళలోకి దూకారు, ఆ నీళ్ళూ మరిగిపోతున్నాయి. ఇనుమూ మనుషులూ కలిసి మేట పక్క మడుగులోకి జారిపోయారు, ఆ ఏడు వచ్చిన వరద వాటి మీద ఇసక కప్పేసింది. చాలామందికి దహనమన్నది లేకుండా పోయింది.

తరవాత కొన్నాళ్ళకి మొదలైంది. రేవులో నిలబడితే, గాలి లేనప్పుడు, నీళ్ళ మీద నించి వస్తాం, వస్తాం అని సన్నగా వినపడేది. మొదట్లో ఎవరూ పట్టించుకోలేదు. ఒకాయన మటుకు, పెద్ద కాపు, కొత్త అల్లుడు దసరాకి వస్తుంటే ఎదురెళ్ళి అదే రేవులో నిలబడి, రండి రండి అల్లుడుగారూ అని పిలిచాడు. అల్లుడు పడవ దిగాడు. అతని వెనకాల గట్టు పొడుగునా తడి అడుగులు పడుతూ వచ్చాయి, మనుషులు లేరు. ఆనాటినించీ ఆ ఇంట్లో వండిన అన్నం వండినట్టే అయిపోయేది, ఎవరు తిన్నారో తెలీదు, మంచాల మీద పక్కలు తడిసి ఉండేవి, గదుల్లో తడిబొగ్గు వాసన. చివరికి ఇల్లు వదిలేసి ఏరు దాటిపోయారు.

అప్పుడు పెద్దలు కూర్చుని ఆలోచిస్తే తేలిందేమిటంటే, తప్పంతా ఆ రండిలో ఉంది. మనకి మర్యాద కోసం ఒక్కడితో అనే మాటా, పదిమందితో అనే మాటా ఒకటే గదా. ఆయన అల్లుణ్ణే రమ్మన్నాడు, జవాబు కోసం కాచుకున్నవాళ్ళు తమనే అనుకున్నారు. అంతటితో ఆ రేవులో రండి అన్న మాట నిషిద్ధం. ఎంతటివాడైనా రా అనే అనాలి. ఒకసారి తాసిల్దారుగారు పడవ దిగబోతుంటే మన తలారి చేతులు కట్టుకుని, నడుం వంచి, ఎంతో వినయంగా, రా బాబూ, దిగు అన్నాడట. ఆయన అగ్గిమీద గుగ్గిలమై పడవ తిప్పించుకుని వెళ్ళిపోయాడు. నవ్వండి, నవ్వండి. తలారి ఉద్యోగం ఊడింది పాపం. ఆ గొడవలన్నీ ఎందుకని ఎగువన కొత్త రేవు వేసుకున్నారు, పాత రేవు పాడుపడింది.

ఇక అసలు కథ నూకరత్నానిది. ఆవిడ జువ్విలంక కోడలు, సింహాద్రి పెళ్ళాం. సింహాద్రి ఎగువ రేవులో దాటుపడవ నడిపేవాడు, మునకలో మహా గట్టివాడు. అప్పటికి పొగపడవ పోయి రెండు తరాలు దాటింది. ఒక ఏడు పెద్ద వరద వచ్చి ఏరు ఒరుసుకుపోయింది, వేసవికి నీళ్ళు తగ్గేసరికి మేట పక్క మడుగులో ఆ పడవ బయటపడింది. ఇనప పక్కటెముకలు చచ్చిన గేదెవిలా పైకి తేలాయి, వాటి మధ్య తుప్పుపట్టి ఎర్రగా బాన వీపు. ఊరంతా దూరాన్నించి చూసి దణ్ణం పెట్టి వెనక్కొచ్చింది. సింహాద్రికి మాత్రం నిద్రపట్టలేదు. ఆ కూత వేసే ఇత్తడి గొట్టం నీళ్ళ కింద ఎక్కడో ఉండే ఉంటుంది, దాన్ని తెచ్చి తన పడవకి బిగించుకుని ఊదితే రెండు గట్లూ దద్దరిల్లాలని వాడి సరదా.

నూకరత్నం వద్దంది. అంతమంది జవాబు మింగిన నోరది, దాన్ని నా గడప తొక్కించకండి అంది. ఇత్తడి గొట్టానికి నోరేవిటే పిచ్చిమొహమా అని వాడు నవ్వాడు. మాటా మాటా పెరిగింది. పొద్దున్నే వాడు తువ్వాలు భుజాన వేసుకుని గుమ్మంలో నిలబడి, వస్తానే అన్నాడు. ఆవిడ పొయ్యివైపు తిరిగి కూర్చుంది. మళ్ళీ అన్నాడు, వస్తా అన్నానా అని. ఆవిడ పొయ్యి ఊదుతూనే ఉంది, పలకలేదు. వాడు వెళ్ళిపోయాడు.

పొద్దు బాగా ఎక్కాక ఆవిడకి ఆ మాట తట్టింది. కూర తాలింపు వేస్తున్నదల్లా గరిటె పక్కన పెట్టేసింది. వాడు వస్తానన్నాడు, నేను రమ్మన్లేదు గదా అనుకుంది. అన్నం మూటగట్టుకుని, అత్తగారు అప్పాయమ్మతో సంగతి చెప్పి, ఇద్దరూ ఎండనపడి దిగువ కొసకి పరిగెత్తారు. మిట్టమధ్యాహ్నం, రోహిణీ ఎండ, చెట్టు నీడ చెట్టు మొదట్లోనే ముడుచుకుని ఉంది. మడుగులో సింహాద్రి దోనె ఇనప కమ్మీకి కట్టేసి ఉంది. పక్కనే తువ్వాలు వేలాడుతోంది. నడుం లోతు నీళ్ళలోకి దిగి నూకరత్నం దాన్ని అందుకుంది. తడిపి ఆరేసిన తువ్వాలు, ఎండి అట్టకట్టి ఉంది. అంటే వాడు మునిగి ఎంతసేపైందో ఆవిడకి అర్థమైంది. నీళ్ళ మీద ఒక్క బుడగ లేదు.

అప్పుడు వినపడింది. వస్తాం, వస్తాం అని, ఎండలో, ఎంతోమంది, ఎక్కడో గదిలో తలుపులు వేసుకుని అన్నట్టుగా. ఆ గొంతుల అడుగున ఇంకొకటి, పొద్దున్న గుమ్మంలో విన్న గొంతే, వస్తా అంటోంది.

నూకరత్నం ప్రాణం లేచొచ్చి, రం... అనేలోపల అప్పాయమ్మ వచ్చి కోడలి నోరు మూసింది. చూశారా చిత్రం! కాపరానికొచ్చిన కొత్తల్లో ఈ పిల్ల మొగుణ్ణి రా, పో అంటే, ఇది పద్ధతి కాదు, రండి అనాలి, పేరు నాలిక మీదికి రానివ్వకూడదు అని బుద్ధి చెప్పింది ఈ అత్తగారే. కోడలు అంతబాగా నేర్చుకుంది, సింహాద్రప్పన్నకి మొక్కుకోవాల్సొచ్చినా ఆ కొండమీదాయన అనేది. ఇప్పుడా అత్తగారే, రండి అంటే అందరూ లేస్తారే తల్లీ, ఒక్కణ్ణే పిలు అంటోంది.

సరే, పేరు పెట్టి పిలుస్తానంది నూకరత్నం. అప్పాయమ్మ మొహం పాలిపోయింది. వాడికి పెట్టింది వాళ్ళ తాత పేరే, మా మామగారు ఆ పడవలో పోయినవాళ్ళలోనే ఉన్నాడు, సింహాద్రీ రా అంటే ఎవరొస్తారే అంది. ఉత్తినే రా అంటే ఒక్కడే వస్తాడు, ఆ ఒక్కడు ఎవడో? రండి అనకూడదు, పేరు చెప్పకూడదు, రా అనీ ఊరుకోకూడదు. నీళ్ళలోని ఆ గొంతు సన్నబడిపోతోంది. మీరైతే ఏం చేస్తారు?

నూకరత్నానికి ఏడుపొచ్చింది, ఏడుపు వెనకాలే కోపం వచ్చింది. కొంగు బిగించి, ఆ ఇనప బాన వీపు మీద చరిచి మొదలుపెట్టింది.

“ఓరి దిక్కుమాలినోడా! పెళ్ళిపీటల మీద కునుకుతీసి పంతులుగారి ఒళ్ళో పడ్డోడివి నువ్వు గాదా! పులస తలకాయ నువ్వు మింగేసి, పిల్లి ఎత్తుకుపోయిందన్నావు, పులుసు పిల్లి మీసానికంటిందా, నీ మీసానికంటిందా? మా అమ్మొచ్చిందని తెలిసి జొరవొచ్చిందని ముసుగెట్టినోడా! రాత్రంతా గురకెట్టి, గురక నాదని ఊరంతా చాటినోడా! నీతో నా తగువింకా తేలలేదు, రా! పైకి రా, చెప్తాను నీ పని!”

ఆ తిట్లు ఇనుములోంచి గంట కొట్టినట్టు మోగాయట. నీళ్ళ మీద గొంతులన్నీ ఒక్కసారి ఆగిపోయాయి, చెవులు రిక్కించినట్టు. ఆ తిట్లు ఇంకెవరికి సరిపోతాయి? దసరాకి అల్లుణ్ణి పిలిచిన పిలుపులాంటిది కాదు గదా, ఇంకొకడు తనదనుకోడానికి. కాసేపటికి బాన పక్కన నీళ్ళు సుళ్ళు తిరిగాయి, ఒక తల లేచింది. ఒక్కటే. ఇద్దరూ జుట్టు పట్టుకుని గట్టుకి ఈడ్చారు. నూకరత్నం వాడి మీసం తడిమి చూసింది, ఛాతీ మీద చెవి పెట్టింది, అప్పుడు ఏడ్చింది.

వాడు నీళ్ళు కక్కుకుని సంగతంతా చెప్పాడు. బాన లోపల చీకట్లో దారి తప్పానన్నాడు. పైన కాస్త గాలి నిలిచి ఉంది, ఊపిరాడింది, కానీ నిలబడ్డానికి చోటు లేదన్నాడు. అదేవిటిరా, ఇంటంత బాన గదా అంది తల్లి. జనం అమ్మా, భుజం భుజం ఆనించుకుని జనం అన్నాడు. పక్కవాడు అడిగాడట, ఒడ్డునించి ఏమైనా అన్నారా, నీకు వినపడిందా అని. ఇంతలో తిట్లు వినపడ్డాయి. అందరూ పక్కకి ఒత్తిగిలి వాడికి దారి ఇచ్చారు. దాటుతుంటే ఒకాయన, వాడి ఈడువాడే, అచ్చం వాడి ముక్కే, చెయ్యి పట్టుకుని మెల్లిగా అడిగాడట.

“మమ్మల్నెవరు తిడతారయ్యా?”

అప్పాయమ్మ చప్పున లేచి నిలబడింది. మామగారు మరి. నీళ్ళకేసి తిరిగి, కొంగు బిగించి, ఓరి అంది. అని ఆగిపోయింది. ఆయన పోయేనాటికి ఆవిడ మొగుడు చంటిపిల్లాడు, ఆయన్ని ఆవిడ చూసి ఎరగదు. ఏటా తద్దినం నాడు ఆయన గురించి విన్నవన్నీ మంచి మాటలే, దేవుడిలాంటివాడనీ, చల్లని మనిషనీ. నీళ్ళలో ఉన్నవాళ్ళందరి గురించీ అవే మాటలు. గురక పెట్టేవాడో లేదో, ఏ కూర దొంగతనంగా తినేవాడో, ఎవరి మీద అలిగేవాడో చెప్పేవాళ్ళు ఒక్కళ్ళు మిగల్లేదు. ఆవిడ ఎండలో అలా నోరు తెరుచుకుని నిలబడింది, ఎంత వెతుక్కున్నా ఒక్క తిట్టు దొరకలేదు. చివరికి కొడుకూ కోడలూ చెరో చెయ్యి పట్టుకుని ఇంటికి తీసుకొచ్చారు.

అదీ సంగతి. నీళ్ళు తీసిన ఏడు ఆ బాన వీపు ఇప్పటికీ పైకి కనపడుతుంది. చూడాలనిపిస్తే ఎగువ గట్టు మీదనించి చూడండి, అక్కణ్ణించీ బాగానే కనపడుతుంది. కాదు, దగ్గరికే వెళ్తాం అంటారా, మీ ఇష్టం. మీ గుట్లన్నీ తెలిసి, మొహమాటం లేకుండా తిట్టగలవాళ్ళని ఒకళ్ళని ఒడ్డున కూర్చోబెట్టి మరీ దిగండి. నన్ను మాత్రం పిలవకండి, నాకు మీరంతా మంచి పిల్లలనే తెలుసు.